వెండీ ప్యాడ్‌బరీ రెండు వృత్తులు: బ్రిటిష్ టీవీ నటులు ఏజెంట్లు ఎందుకవుతారు?

2009 జనవరి 3న బీబీసీ ఒక పేరు ప్రకటించింది. 'డాక్టర్ హూ' సీరియల్‌లో పదకొండో డాక్టరుగా మాట్ స్మిత్ రాబోతున్నాడని. అప్పటికి అతని వయసు 26. ఆ పాత్రకు ఎంపికైనవాళ్ళందరిలోకీ చిన్నవాడు. పాత్ర చూస్తే బ్రిటన్‌లో ఇంటింటా తెలిసింది, నటుడు చూస్తే చాలామంది పేరు కూడా విననివాడు. అయితే ఆ కుర్రాడిలో సరుకుందని అంతకు కొన్నేళ్ళ ముందే కనిపెట్టి, తన దగ్గర చేర్చుకున్న ఏజెంటు ఒకావిడ ఉన్నారు. పేరు వెండీ ప్యాడ్‌బరీ. ఆవిడ కూడా ఒకప్పుడు అదే సీరియల్‌లో నటించారు. 1968, 69లలో రెండో డాక్టరు వెంట ప్రయాణించిన జోయీ ఆవిడే.

దీన్ని చాలామంది చక్కని యాదృచ్ఛికంగా చెప్పుకుంటారు. నాకు అలా అనిపించదు. అదే సీరియల్ నుంచి జాకీ లేన్, జానెట్ ఫీల్డింగ్ అనే మరో ఇద్దరు నటీమణులు కూడా ఏజెంట్లయ్యారు. ముగ్గురి చేతుల్లోనూ ఏదో ఒక దశలో కనీసం ఒక్కో 'డాక్టరు' కెరీర్ ఉంది. ఒకే సీరియల్లో ముగ్గురికి అలా జరిగిందంటే, బ్రిటిష్ టీవీ నటన అనే వృత్తి కట్టుబాటులోనే దానికి కారణం ఉండాలి. ఆ కట్టుబాటు అర్థమైతే వెండీ ప్యాడ్‌బరీ కెరీర్ ఎందుకలా మలుపు తిరిగిందో తెలుస్తుంది. నటన మానేసి ఏజెంటు కావడమంటే ఓడిపోయి పక్కకు తప్పుకోవడమే అనే అభిప్రాయం ఎంత తప్పో కూడా తెలుస్తుంది.

'డాక్టర్ హూ' తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. 1963 నవంబర్ 23న బీబీసీలో మొదలైన సైన్స్ ఫిక్షన్ సీరియల్ అది. కథానాయకుడు కాలంలో ప్రయాణించే గ్రహాంతరవాసి. ప్రాణం మీదికొస్తే రూపం మార్చుకుంటాడు. అందుకే నటుడు మారినా సీరియల్ ఆగదు. అతనితో ఎప్పుడూ ఒకరో ఇద్దరో సహచరులుంటారు. ప్రేక్షకుల తరఫున ప్రశ్నలడిగేది, భయపడేది, ఒక్కోసారి డాక్టరునే కాపాడేది వాళ్ళే.

ప్యాడ్‌బరీ 1947లో పుట్టారు. టీవీలో మొదట గుర్తింపు తెచ్చింది 'క్రాస్‌రోడ్స్' అనే డైలీ సీరియల్. అక్కడి నుంచి 'డాక్టర్ హూ'కి వచ్చారు. 1968 వసంతంలో ప్రసారమైన 'ద వీల్ ఇన్ స్పేస్' అనే కథతో జోయీ పరిచయమైంది. 21వ శతాబ్దపు అంతరిక్ష కేంద్రంలో పనిచేసే అమ్మాయి. ఖగోళ భౌతికశాస్త్రం, గణితం ఆమె చదువులు. తెలివిలో డాక్టరుకే పోటీ. 'ది ఇన్వేజన్' అనే కథలో ఒక సన్నివేశం నాకు చాలా ఇష్టం. ఒక పెద్ద కంపెనీ కార్యాలయం. రిసెప్షన్‌లో మనిషి లేడు, మాట్లాడే యంత్రం ఉంది. అడిగినదానికి సూటిగా జవాబివ్వదు. జోయీ విసిగిపోయి ఆల్గాల్ అనే కంప్యూటర్ భాషలో దానికి ఒక లెక్క అప్పజెబుతుంది. ఎంతకీ తెగని లెక్క. యంత్రం పొగలు కక్కి పేలిపోతుంది. పక్కనున్న స్నేహితురాలితో కలిసి జోయీ నవ్వుతుంది. 1968లో, శనివారం సాయంత్రం పిల్లాపాపలతో ఇంటిల్లిపాదీ చూసే సీరియల్లో, ఒక అమ్మాయి లెక్కలతో గెలవడం చిన్న సంగతి కాదు.

ఆ తెలివితేటల వెనక ఉన్న చాకిరీ తెరమీద కనిపించదు. జోయీ కనిపించిన ఆరో సీజన్‌లో 44 ఎపిసోడ్లున్నాయి. అంటే ఏడాదిలో ఎక్కువ వారాలు పనే. వారమంతా ఏదో ఒక చర్చి హాల్లోనో క్లబ్బు గదిలోనో రిహార్సల్, వారాంతానికి స్టూడియోలో రికార్డింగ్. అప్పట్లో టేపును కత్తిరించి అతకడం ఖర్చుతో కూడిన పని కాబట్టి నాటకం ఆడినట్టు వరసగా ఆడేసేవారు. డైలాగు కాస్త తడబడినా ఆపేవారు కాదు. నటులకు సెలవు కావాలంటే ఆ వారం ఎపిసోడ్లో పాత్ర స్పృహ తప్పడమో, ఎక్కడో బందీ కావడమో రచయిత చూసుకునేవాడు. 'ద మైండ్ రాబర్' చిత్రీకరణప్పుడు, జేమీ అనే మరో సహచరుడి పాత్ర వేస్తున్న సహనటుడు ఫ్రేజర్ హైన్స్‌కి ఆటలమ్మ పోసింది. ఆ కొద్ది రోజులకు వేరే నటుణ్ణి తెచ్చి, పాత్ర ముఖమే మారిపోయినట్టు కథలో అప్పటికప్పుడు ఒక మాయ కల్పించారు.

ఇంత కష్టపడి చేసిన పనిలో ఇవాళ ఎంత మిగిలిందో చూడండి. 'ద వీల్ ఇన్ స్పేస్'లో ఆరు ఎపిసోడ్లకు మూడోది, ఆరోది మాత్రమే ఉన్నాయి. 'ది ఇన్వేజన్' ఎనిమిదింట్లో రెండు లేవు. 'ద స్పేస్ పైరేట్స్' ఆరింట్లో ఒక్కటే దక్కింది. ప్యాడ్‌బరీ తొలిసారి తెరమీద కనిపించిన ఎపిసోడ్ కూడా పోయినవాటిలోనే ఉంది. ఎవరో అభిమానులు టీవీ ముందు టేప్ రికార్డర్ పెట్టుకుని పట్టిన ధ్వని మిగిలింది.

దీనికి బీబీసీ నిర్లక్ష్యం ఒక్కటే కారణమనుకుంటారు. విషయం అంతకంటే చిక్కుగా ఉంది. వీడియో టేపు ఖరీదైనది, తుడిచేసి మళ్ళీ వాడుకోవచ్చు. ఇది ఒక వైపు. రెండో వైపున నటుల సంఘం ఈక్విటీ ఉంది. పాత ఎపిసోడ్లను ఇష్టమొచ్చినన్నిసార్లు వేసుకోనిస్తే కొత్త నాటకాలు ఎవరు తీస్తారు, నటులకు పని ఎక్కడ దొరుకుతుంది అన్నది వాళ్ళ భయం. అందుకే పునఃప్రసారానికి గడువులు పెట్టించారు, వేసిన ప్రతిసారీ నటుడికి మళ్ళీ రుసుము ఇవ్వాలన్నారు. గడువు దాటిన టేపు బీబీసీకి అల్మారాలో చోటు తినే సామానయింది. నటుల జీతం కాపాడాలని పెట్టిన నిబంధన, అదే నటుల పని చెరిగిపోవడానికి ఒక కారణమైంది. ఆ సీరియల్ మొత్తంలో ఇవాళ్టికీ దొరకని ఎపిసోడ్లు తొంభైకి పైనే. ఒప్పందంలో ఒక వాక్యం ఎంత దూరం వెళ్ళగలదో చెప్పడానికి ఇంతకన్నా పెద్ద ఉదాహరణ నాకు తెలీదు. ఏజెంటు పని గురించి మాట్లాడేటప్పుడు ఇది గుర్తుండాలి.

1969 జూన్ 21న ప్రసారమైన 'ది వార్ గేమ్స్' చివరి భాగంతో జోయీ కథ ముగిసింది. ఆమెనూ జేమీనీ ఎవరి కాలానికి వాళ్ళను పంపేసి, డాక్టరుతో చేసిన ప్రయాణాల జ్ఞాపకాలు తుడిచేస్తారు. ఆ తర్వాత ప్యాడ్‌బరీ ఖాళీగా ఏమీ లేరు. 1971లో విడుదలైన 'ద బ్లడ్ ఆన్ సేటన్స్ క్లా' అనే భయానక చిత్రంలో చేశారు. ఈ సినిమాకు ఇప్పటికీ ప్రత్యేకంగా అభిమానులున్నారు. 'ఫ్రీవీలర్స్' అనే పిల్లల సాహస సీరియల్లో ముఖ్యపాత్ర దొరికింది. 1974లో లండన్ అడెల్ఫీ థియేటర్లో 'డాక్టర్ హూ' రంగస్థల నాటకంలో నటించారు. 1983లో ఇరవయ్యేళ్ళ పండగకి తీసిన 'ది ఫైవ్ డాక్టర్స్'లో కాసేపు కనిపించారు.

ఈ జాబితా పక్కన ఫ్రేజర్ హైన్స్ జాబితా పెట్టి చూడండి. ఆయనా అదే రోజు అదే సీరియల్ నుంచి బయటికొచ్చారు. 1972లో 'ఎమర్‌డేల్ ఫార్మ్' అనే కొత్త సీరియల్లో రైతు కుటుంబంలోని కొడుకు పాత్ర దొరికింది. 1994 దాకా అందులోనే ఉన్నారు. మధ్యలో విరామాలున్నా, ఇరవై ఏళ్ళకు పైగా నిలకడైన జీతం. ప్యాడ్‌బరీకి అలాంటిది దొరకలేదు. ప్రతిభలో తేడా ఉందని నేననుకోను. ఆ రోజుల్లో చిన్న వయసు అమ్మాయి పాత్రలు చాలా రాసేవారు, ముప్పై దాటిన స్త్రీ పాత్రలు తక్కువ రాసేవారు, రాసినవి కూడా ఎవరికో భార్య, ఎవరికో తల్లి. పైగా పిల్లలు ఎగబడి చూసే సీరియల్లో ఒకసారి గుర్తింపొస్తే ఆ ముఖం దానికే అంటుకుపోతుంది. వేరే పాత్రకు పిలవాలంటే నిర్మాత జంకుతాడు.

ఇలాంటి సమయంలో బ్రిటిష్ నటుడు చేసే పని ఒకటే. ఫోను కోసం ఎదురుచూడటం. ఆ ఫోను చేసేది ఏజెంటు. అసలు ఏజెంటు చేసే పనేమిటో బయటివాళ్ళకు సరిగ్గా తెలియదు కనుక దాన్ని విప్పి చెప్పాలి.

బ్రిటన్‌లో టీవీ, సినిమా, నాటకాలకు నటుల్ని వెతికేది కాస్టింగ్ డైరెక్టర్. ఈయన నిర్మాత మనిషి. ఫలానా పాత్ర, ఇంత వయసు, ఈ యాస, ఈ తేదీల్లో షూటింగ్ అని ఒక వివరణ తయారుచేసి ఏజెంట్లకు పంపుతాడు. ఏజెంటు తన దగ్గరున్న నటుల్లో ఎవరు సరిపోతారో ఎంచి పేర్లు పంపుతాడు. ఇద్దరి మధ్యా ఉమ్మడిగా ఉండేది 'స్పాట్‌లైట్'. 1927 నుంచి నడుస్తున్న నటుల డైరెక్టరీ అది. ఇప్పుడు ఆన్‌లైన్‌లో ఉంది కానీ దశాబ్దాల పాటు ఇటుకల్లాంటి లావుపాటి పుస్తకాలుగా వచ్చేది. ప్రతి పేజీలో ఫోటోలు, పేర్లు, కింద ఏజెంటు ఫోన్ నంబరు. కాస్టింగ్ ఆఫీసుల్లో ఆ సంపుటాలు బల్ల మీదే పడి ఉండేవి. నలుపు తెలుపు ఫోటోలు కవర్లలో పెట్టి పోస్టులో పంపడం, మధ్యాహ్నం దాకా ఫోన్లో మాట్లాడటం, సాయంత్రం తన నటుడు ఆడుతున్న నాటకానికి వెళ్ళి కూర్చోవడం. ప్యాడ్‌బరీ తరం ఏజెంట్ల దినచర్య ఇది.

పేరు పంపడం పనిలో పావు వంతు. అసలు పని నటుడు ఎంపికయ్యాక మొదలవుతుంది. రుసుమెంత? రిహార్సల్ రోజులకు విడిగా ఇస్తారా? తెరమీద పేరు ఎన్నో స్థానంలో పడుతుంది? సీరియల్ హిట్టయితే రెండో సీజన్‌కి నటుణ్ణి కట్టిపడేసే హక్కు నిర్మాతకుందా, ఉంటే ఎన్ని నెలలు? ఆలోపు వేరే పని వస్తే చేసుకోవచ్చా? విదేశాలకు అమ్మితే వాటా ఉందా, లేక మొత్తం హక్కులు ఒకేసారి కొనేస్తున్నారా? ఈ ప్రశ్నల్లో ఒక్కటి అడగడం మర్చిపోయినా నటుడి జీవితంలో రెండు మూడేళ్ళు పోవచ్చు. నటుడే ఇవన్నీ నిర్మాతతో నేరుగా మాట్లాడలేడు. మర్నాడు పొద్దున్నే వాళ్ళ ఎదుటే నిలబడి నటించాలి కాబట్టి. గొడవ పడాల్సిన చోట పడే మనిషి వేరే ఉండాలి.

డబ్బు లెక్క కూడా చూద్దాం. బ్రిటన్‌లో ఏజెంటు కమిషన్ సాధారణంగా పది నుంచి పదిహేను శాతం. ప్రకటనలకు, గొంతు అరువిచ్చే పనులకు ఇంకాస్త ఎక్కువ ఉండొచ్చు. ఒక రోజు పనికి నటుడికి 1,000 పౌండ్లు వచ్చాయనుకోండి. ఏజెంటుది పన్నెండున్నర శాతమైతే 125 పౌండ్లు. ఏజెన్సీ వ్యాట్ కట్టే స్థాయిలో ఉంటే ఆ 125 మీద ఇరవై శాతం, అంటే 25 పౌండ్లు. నటుడి చేతికొచ్చేది 850. దాని మీద ఆదాయపు పన్ను మళ్ళీ వేరే. అవతల ఏజెంటు వైపు నుంచి చూడండి. నెలలో పనే దొరకని నటుడి కోసం ఏజెంటు ఎన్ని ఫోన్లు చేసినా రూపాయి రాదు. అందుకే చిన్న ఏజెన్సీల్లో నలభై యాభై మంది నటులుంటే ఏ నాలుగైదుగురి సంపాదన మీదో అద్దె, ఫోన్ బిల్లు గడుస్తుంది.

నటుడి డబ్బు ముందు ఏజెంటు ఖాతాలోకి వస్తుంది కాబట్టి చట్టం జోక్యం చేసుకుంది. 1973లో ఉపాధి ఏజెన్సీల చట్టం, 2003లో దాని కింద వివరమైన నిబంధనలు వచ్చాయి. నటుల డబ్బును ఏజెంటు తన సొంత డబ్బుతో కలపకుండా వేరే ఖాతాలో ఉంచాలి. వచ్చిన పది రోజుల్లోగా వాళ్ళకు చేర్చాలి.

ఇప్పుడు మొదటి ప్రశ్నకి వద్దాం. ఈ పనికి నటులే ఎందుకు వస్తారు?

దీనికి పాత చరిత్రే ఉంది. లండన్‌లో పేరుమోసిన ఏజెంటు ఆల్ పార్కర్ ఒకప్పుడు మూకీ సినిమాల్లో నటుడు, తర్వాత దర్శకుడు. జేమ్స్ మేసన్‌ని సినిమాల్లోకి తెచ్చింది ఆయనే. ఆయన భార్య మార్గరెట్ జాన్‌స్టన్ కూడా నటే. భర్త తర్వాత ఆ ఏజెన్సీని ఆవిడే నడిపారు. నాటకం తెలిసినవాళ్ళే నాటకం వాళ్ళ బేరాలు మాట్లాడటం అక్కడ కొత్తేమీ కాదు.

వృత్తి కట్టుబాటు కూడా అటే తోస్తుంది. 1990కి ముందు దాకా బ్రిటన్‌లో ఈక్విటీ సభ్యత్వ కార్డు లేనివాడికి టీవీలో పని దొరకడం దాదాపు అసాధ్యం. పని చేస్తేనే కార్డు, కార్డుంటేనే పని. ఈ చిక్కులోంచి దారి చేసుకుని వచ్చిన నటుడికి ఎవరు ఎక్కడ పనిస్తారు, ఏ కంపెనీ ఎలా చెల్లిస్తుంది, ఏ దర్శకుడు కొత్తవాళ్ళతో ఓపికగా ఉంటాడు అన్నీ కంఠోపాఠం. నటన ఆగిపోయినా ఆ జ్ఞానం ఎక్కడికీ పోదు. వేరే ఏ ఉద్యోగానికి వెళ్ళినా అది వృథా. ఏజెంటుగా మాత్రం అదే పెట్టుబడి. ఆఫీసు పెట్టడానికి ఒక బల్ల, ఒక ఫోను, కొన్ని పరిచయాలు చాలు.

ప్యాడ్‌బరీ దగ్గరున్న నటుల పేర్లు చూస్తే ఇది కళ్ళకు కట్టినట్టు కనిపిస్తుంది. నికొలస్ కోర్ట్‌నీ ఆవిడ క్లయింటు. 'డాక్టర్ హూ'లో బ్రిగేడియర్ అంటే ఆయనే. ఆ పాత్ర బ్రిగేడియర్ హోదాలో మొదటిసారి కనిపించింది జోయీ రిసెప్షన్ యంత్రాన్ని పేల్చేసిన ఆ 'ది ఇన్వేజన్' కథలోనే. ఒకే స్టూడియోలో వారాల తరబడి రిహార్సల్ చేసిన మనిషి, ఏళ్ళ తర్వాత తన రుసుము గురించి మాట్లాడమని ఆవిడ్ని పెట్టుకున్నాడు. సహనటిగా ఆవిడ పనితీరు, మాట నిలబెట్టుకునే పద్ధతి తెలియకపోతే ఎవరూ అలా చేయరు. ఆరో డాక్టరు కొలిన్ బేకర్ కూడా ఆవిడ క్లయింటే. 1986లో బీబీసీ ఆయన్ని ఆ పాత్ర నుంచి తప్పించింది. వీడ్కోలు కథ ఒక్కటి చేసి వెళ్ళమంటే ఆయన ఒప్పుకోలేదు. చివరికి తర్వాతి డాక్టరు సిల్వెస్టర్ మెకాయ్‌కే బేకర్ విగ్గు పెట్టి రూపం మారే సన్నివేశం కానిచ్చారు. అలాంటి అవమానం దాటుకుని నాటకరంగంలో నిలబడిన నటుడికి, అదే సీరియల్ వదిలాక ఏమవుతుందో స్వయంగా చూసిన ఏజెంటు ఉండటం మామూలు సౌకర్యం కాదు. ఎనభైల్లో డాక్టరు సహచరుడు టర్లో పాత్ర వేసిన మార్క్ స్ట్రిక్సన్ కూడా ఆవిడ దగ్గరే ఉండేవారు.

జాకీ లేన్ కథ మరో రకం. 1966లో మొదటి డాక్టరు సహచరి డోడో పాత్ర ఆవిడది. మొదట్లో ఆ పాత్ర మామూలు జనం యాసలో మాట్లాడేది. ఆ యాస వద్దని పైవాళ్ళు మాన్పించి బీబీసీ ఇంగ్లీషులోకి మార్పించారు. అదే ఏడాది కొత్త నిర్మాత ఆవిడ్ని తప్పించాడు. పాత్రకి వీడ్కోలు సన్నివేశం కూడా రాయలేదు. కథ సగంలో విశ్రాంతికి పల్లెటూరికి పంపారు, చివర్లో వేరేవాళ్ళ చేత కబురు చెప్పించారు. అంతే. ఆ మనిషి తర్వాత గొంతు కళాకారుల ఏజెన్సీ నడిపారు. ప్రకటనలకు, వ్యాఖ్యానాలకు గొంతు ఇచ్చే నటుల తరఫున బేరాలు మాట్లాడటం పని. నాలుగో డాక్టరు టామ్ బేకర్ ఆవిడ క్లయింటు. బ్రిటన్‌లో ఆయనదంత సులువుగా గుర్తుపట్టే గొంతులు చాలా తక్కువ. తన పాత్ర యాసను తెరమీద మార్చుకోవాల్సి వచ్చిన నటి, ఇతరుల గొంతులకు ధర కట్టే పనిలో స్థిరపడ్డారు. లేన్ 2021లో కన్నుమూశారు.

జానెట్ ఫీల్డింగ్ ఆస్ట్రేలియా నుంచి వచ్చారు. 1981 నుంచి 84 దాకా ఎయిర్ హోస్టెస్ టీగన్ పాత్ర వేశారు. తొంభైల మొదట్లో నటన మానేసి, సినిమా టీవీ రంగాల్లో పనిచేసే మహిళల సంస్థలో చేరారు. తర్వాత ఏజెంటయ్యారు. 1996లో టీవీ సినిమాతో పాల్ మెగాన్ ఎనిమిదో డాక్టరైనప్పుడు ఆయన ఏజెంటు ఆవిడే. ముగ్గురిలో ఈవిడ దారి నాకు ఎక్కువ ఆసక్తికరం. రాతగాళ్ళు స్త్రీ పాత్రలకిచ్చే విలువ గురించి బాహాటంగా మాట్లాడిన మనిషి కావడం వల్ల, ఆవిడ వృత్తి మార్పులో ఉపాధితో పాటు ఒక పట్టుదల కూడా కనిపిస్తుంది.

అయితే నటులందరూ మంచి ఏజెంట్లవుతారని చెప్పడం నా ఉద్దేశం కాదు. నటుడికి ఉండాల్సిన మెత్తదనం బేరంలో అడ్డొస్తుంది. నిర్మాత 'వేరేవాళ్ళని చూసుకుంటాం' అన్నప్పుడు, ఆ పాత్ర పోతే తన క్లయింటు ఎలా కుంగిపోతాడో ఏజెంటుకు బాగా తెలుసు. తెలిసి కూడా గొంతు మారకుండా మాట్లాడగలగాలి. అది నటన కంటే కష్టం. ఇంకో ఇబ్బంది కూడా ఉంది. ఏజెంటు ఇంకా నటిస్తూ ఉంటే, తనకూ తన క్లయింటుకూ సరిపోయే పాత్ర వచ్చినప్పుడు ఎవరి పేరు పంపాలి? డెబ్భైల నుంచి నడుస్తున్న సహకార ఏజెన్సీలు దీనికొక విరుగుడు కనిపెట్టాయి. అక్కడ నటులే వంతులవారీగా ఆఫీసులో కూర్చుని ఒకరి కోసం ఒకరు ఫోన్లు చేస్తారు. నిర్ణయం అందరిదీ. సొంతంగా ఏజెన్సీ నడిపేవాళ్ళకు మాత్రం నటనను పక్కన పెట్టడమే మర్యాదైన దారి.

ఇక మాట్ స్మిత్ సంగతి. అతను నార్తాంప్టన్ కుర్రాడు. ఫుట్‌బాల్ ఆటగాడవుదామనుకున్నాడు. లెస్టర్ సిటీ యువజట్టు దాకా వెళ్ళాడు. వెన్ను దెబ్బతో ఆట ఆగిపోయింది. బళ్ళో నాటకాల మాస్టారు అతన్ని వదలకుండా వెంటపడి నేషనల్ యూత్ థియేటర్ వైపు నడిపించారు. 1956లో మైకేల్ క్రాఫ్ట్ స్థాపించిన సంస్థ అది. డెరెక్ జాకబీ, డేనియల్ క్రెయిగ్ అక్కడి నుంచి వచ్చినవాళ్ళే. 1965లో అక్కడ క్లియోపాత్రా వేసిన ఒక ఇరవయ్యేళ్ళ అమ్మాయిని చూసి తన దగ్గర చేర్చుకున్నది ఇందాక చెప్పుకున్న ఆల్ పార్కరే. ఆ అమ్మాయి హెలెన్ మిరెన్.

అంటే ఏజెంట్లు అక్కడికి వెళ్ళడం ఏదో అదృష్టం కోసం కాదు, అది వాళ్ళ పనిలో భాగం. డ్రామా స్కూళ్ళలో చివరి ఏడాది విద్యార్థుల ప్రదర్శనకు ఏజెంట్లు గుంపుగా వస్తారు. ఎవరికి కావలసినవాళ్ళను వాళ్ళు ఏరుకుంటారు. యూత్ థియేటర్లో పద్ధతి వేరు. అక్కడ ఉండేది శిక్షణ పూర్తికాని పిల్లలు. పదుల మంది వేదిక మీదుంటే అందులో ఎవరికి భవిష్యత్తుందో పట్టుకోవాలి. చక్కగా డైలాగు చెప్పేవాణ్ణి ఎవరైనా చూస్తారు. పక్కవాడు మాట్లాడుతున్నప్పుడు నిజంగా వింటున్నవాణ్ణి గుర్తుపట్టడానికి వేదిక మీద నిలబడిన అనుభవం కావాలి. స్మిత్‌ని ప్యాడ్‌బరీ గుర్తించింది యూత్ థియేటర్ ప్రదర్శనల్లోనే. ఆ నాటకాల వెంటే 2004లో రాయల్ కోర్ట్ థియేటర్లో అవకాశం వచ్చింది. అక్కడి నుంచి నేషనల్ థియేటర్, 2007లో 'పార్టీ యానిమల్స్' టీవీ సీరియల్, ఆ తర్వాత 'డాక్టర్ హూ'.

స్మిత్ ఆ పాత్రకి సిద్ధమవుతూ పాత ఎపిసోడ్లు చూశాడు. అన్నిట్లోకీ అతన్ని పట్టేసింది రెండో డాక్టరు ప్యాట్రిక్ ట్రౌటన్. 1967 నాటి ఒక కథ చూసి, ఆ ఉత్సాహంలో రచయిత స్టీవెన్ మొఫాట్‌కి ఫోన్ చేసి మరీ చెప్పాడు. జోయీ నటించింది ఆ ట్రౌటన్ పక్కనే. ఏజెంటు ఈ విషయంలో అతనికేమైనా చెప్పిందని నేను అనను. అయినా ట్రౌటన్ ఆట దగ్గర నుంచి చూసిన మనిషికి స్మిత్‌లోని ఆ వంకర చురుకుదనం మిగతావాళ్ళ కంటే ముందు కనిపించడంలో వింత లేదు.

మన తెలుగు సినిమా రంగంతో పోల్చి చూస్తే ఈ ఏర్పాటు మరింత స్పష్టమవుతుంది. మన దగ్గర పేరున్న నటుడి డేట్లు చూసేది మేనేజరు. గుంపు సన్నివేశాలకు మనుషుల్ని సమకూర్చేది జూనియర్ ఆర్టిస్టుల ఏజెంటు. మధ్యలో ఉన్న పెద్ద వర్గం, అంటే ఫోటోలు పట్టుకుని కృష్ణానగర్ నుంచి ఆఫీసుల చుట్టూ తిరిగే నటులకు, తమ తరఫున మాట్లాడేవాళ్ళు సాధారణంగా ఉండరు. 1993లో ఏర్పడిన మూవీ ఆర్టిస్ట్స్ అసోసియేషన్ సంక్షేమం చూస్తుంది, తగాదాలు తీరుస్తుంది. ఒక్కో నటుడి ఒప్పందం చదివి బేరమాడే పని దానిది కాదు. కాస్టింగ్ ఏజెన్సీలు ఇప్పుడిప్పుడే పెరుగుతున్నా, అవి ఎక్కువగా నిర్మాత అవసరం నుంచి మొదలైనవి. లండన్‌లోనో మాంచెస్టర్‌లోనో స్థిరపడి, పిల్లల్ని నటనలోకి పంపుదామనుకునే తెలుగు కుటుంబాలకు ఇందులో పనికొచ్చే మాట ఒకటుంది. అక్కడ నికార్సయిన ఏజెంటు సంపాదన కమిషన్ నుంచే వస్తుంది. పని దొరక్కముందే పేరు నమోదుకనీ ఫోటోలకనీ పెద్ద మొత్తం అడిగితే సంతకం పెట్టకుండా లేచి రావాలి.

బ్రిటిష్ టీవీలో సీరియల్ చివర కాస్టింగ్ డైరెక్టర్ పేరు పడుతుంది. ఏజెంటు పేరు పడదు. అందుకే జోయీ గురించి పుస్తకాలు, వ్యాసాలు కుప్పలుగా దొరుకుతాయి, అంతకంటే ఎన్నో రెట్లు పొడవైన ఏజెంటు జీవితం గురించి ఒకటి రెండు వాక్యాలే ఉంటాయి. ఇది అన్యాయమని నా అభిప్రాయం. ప్రేక్షకులకు ఏడాది పైచిలుకు జోయీని ఇచ్చిన మనిషి, ఏజెంటుగా ఇంకొందరు నటులకు ఎన్నో ఏళ్ళ పని చూపించారు. రెండింటిలో ఏది పెద్దదని అడిగితే నేను రెండోదే అంటాను.

2007 నుంచి ప్యాడ్‌బరీ మళ్ళీ జోయీ గొంతు వినిపిస్తున్నారు. బిగ్ ఫినిష్ అనే సంస్థ పాత సీరియళ్ళకు కొత్త శ్రవ్య నాటకాలు చేస్తుంది. ఫీల్డింగ్ 2022 అక్టోబర్‌లో టీగన్‌గా తెరమీదికే తిరిగొచ్చారు. 2024 డిసెంబర్‌లో బీబీసీ 'ది వార్ గేమ్స్'ని కుదించి రంగుల్లో ప్రసారం చేసింది. 1969లో సంతకాలు పెట్టినప్పుడు ఇలాంటి రోజొకటి వస్తుందని ఊహించినవాళ్ళు లేరు. ఇప్పుడు లండన్‌లో ఏజెంట్ల బల్లల మీద ఇంకో రకం ప్రశ్న ఉంది. షూటింగులో నటుడి ముఖాన్ని, ఒంటిని, గొంతును కంప్యూటర్‌లోకి ఎక్కిస్తున్నారు. ఆ ప్రతిని మళ్ళీ ఎక్కడ వాడుకుంటారు, ఎన్నేళ్ళు, ఎంతకు? ఈక్విటీ 2022లోనే దీని మీద ప్రచారం మొదలుపెట్టింది. అప్పట్లో టేపు తుడిచేస్తే నటుల పని చెరిగిపోయింది. ఈ తరం నటులకు తమ ప్రతి ఎప్పటికీ చెరగదన్నదే దిగులు. ఆ వాక్యం ఒప్పందంలో ఎలా రాయాలో సంఘం, నిర్మాతలు, ఏజెంట్లు ఇంకా తేల్చుకుంటూనే ఉన్నారు.